బక్కయ్య ఫుల్లయిన రోజు

బక్కయ్య తాగుబోతు అని కోదాడలో ఎవరైనా మీతో అంటే నమ్మకండి. అనుమానం ఉంటే తిన్నగా నా దగ్గరికి రండి. సూర్యాపేట దాటి కోదాడ వైపు వెళ్తుంటే ఎడమ పక్కన వచ్చే బంకులో డీజిల్ పైపు పట్టుకుని నిలబడి ఉంటాను. నా పేరు ఎస్తేరు. దీనికి నోరు పెద్దదని మా బంకులో అందరూ అంటారు. పెద్దదే. చుట్టూ లారీలు హారన్లు కొడుతుంటే చిన్న నోటితో డీజిల్ పోయమనండి చూద్దాం. ఆ రోజు జరిగినదాంట్లో నా తప్పు ఇసుమంత కూడా లేదు. ఆ సంగతి ముందే చెప్పేస్తే నాకు మనసు తేలిక.

ఇన్నేళ్లు పైపు పట్టుకున్నాక, డీజిల్ అడిగే తీరును బట్టి మనిషి ఎలాంటివాడో చెప్పేయగలను. కారు దిగకుండా వేలు ఊపేవాడు ఇంట్లో కూడా వేలే ఊపుతాడు. మీటరు సున్నా చూపించాక కూడా వంగి మళ్లీ చూసేవాడు పెళ్లి చూపులకు వెళ్లినా అలాగే చూసి ఉంటాడు. బక్కయ్య ఒక్కడే ఏ లెక్కకూ అందలేదు. రోజూ పొద్దున్నే వస్తాడు. బండి ఆపి, దిగి, మూత తీసి, ట్యాంకులోకి ఒంటి కన్నుతో తొంగి చూస్తాడు. చూసి, "రెండు లీటర్లు పొయ్యి సెల్లె" అంటాడు. కాఫీ హోటలు వాళ్లు పాలు కూడా అంతకంటే ఎక్కువే పోయించుకుంటారు.

పేరు బక్కయ్యే గానీ మనిషి బక్క కాదు. సీట్లో కూర్చుంటే స్టీరింగు సగం పొట్టలోకి దిగిపోతుంది. వాళ్లది తరతరాలుగా గొర్లు కాసుకునే ఇల్లు. మీసాలొచ్చేదాకా ఆయన కూడా మంద వెనకే తిరిగాడు. పెళ్లయ్యాక మాడుగులపల్లి నుంచి వచ్చిన భద్రమ్మ ఆ మందను రెండింతలు చేసింది. ఒక్కో గొర్రెకూ ఒక్కో పేరు పెట్టుకుంది. బక్కయ్య ఆ మందను అమ్మేసి ఈ చిన్న వ్యాను కొన్నాడు. భద్రమ్మ ఇప్పటికీ పప్పు తాలింపు వేస్తూ ఆ గొర్ల పేర్లు తలుచుకుని ముక్కు చీదుతుంది.

ఆమె కోపం తగ్గుతుందని బండి వెనక ఆమె పేరు రాయించాడు. పెయింటరు పైన పెద్దక్షరాలతో "భద్రమ్మ" అని రాశాడు. కింద, అన్ని బండ్లకూ రాసినట్టే, "దూరం పాటించండి" అని రాశాడు. రెండూ కలిపి చదివితే ఏమవుతుందో ఆయనకూ తట్టలేదు, ఈయనకూ తట్టలేదు. ఊరంతా నవ్వాక భద్రమ్మకు తెలిసింది. ఆ రాత్రి బక్కయ్య దూరం పాటించి బండిలోనే పడుకున్నాడు.

ఆ బండి ట్యాంకులో ముప్పై లీటర్లు పడతాయి. కొన్న రోజు నుంచి ఒక్కసారి కూడా అందులో ఐదు లీటర్లకు మించి పడలేదు. ఒకరోజు నాకు ఒళ్లు మండి అడిగేశాను.

"బక్కన్నా, ఒక్కపారి నిండ పోయించుకోరాదే. రోజు గీ లైన్ల నిలబడుడెందుకు?"

"కడుపు నిండిన గొర్రె నడుస్తదా సెల్లె? యాడనో నీడ సూసుకోని, పండుకోని నెమరేస్తది. సగం ఆకలి మీదున్నదే ముందుకు పోతది. ముందట గడ్డి ఉన్నదని ఆశ ఉంటది గద."

"బండికి గడ్డి యాడిదే?"

"బంకులు లేవా మరి?"

ఇలాంటి మనిషికి ఏం చెప్తాం చెప్పండి. పైగా లీటరు లీటరుకూ బండి బరువెక్కుతుందని, బరువెక్కితే ఎక్కువ తాగుతుందని, అందుకే డీజిల్ ఎంత తక్కువ పోస్తే అంత మిగులుతుందని ఇంకో సిద్ధాంతం కూడా ఉండేది. ఆ లెక్కన అసలే పోయకపోతే ఇంకా బాగా మిగలాలి కదా అంటే, కాసేపు ఆలోచించి, "అది గూడ సూడాలె" అన్నాడు.

దూరాలు కూడా ఆయనకు కిలోమీటర్లలో తెలియవు. కోదాడ రెండు లీటర్లు. కోదాడ నుంచి మిర్యాలగూడ మూడు లీటర్లు. మిర్యాలగూడ నుంచి ఇంటికి రెండు. అత్తగారి ఊరు ఎంత దూరమని ఎవరో అడిగితే, "రెండు లీటర్లు, ఎదురుగాలి ఉంటె ఇంకో గిలాసెడు" అన్నాడట.

ఇంకో అలవాటుంది. డ్రైవర్లందరికీ ఎంతో కొంత ఉంటుంది గానీ ఈయనకు ముదిరిపోయింది. బండి అని అనడు, నేను అంటాడు. బండికి పంక్చరైతే "నాకు పంక్చరైంది" అంటాడు. కిరాయి దొరక్కపోతే "ఖాళీగ వస్తున్న" అంటాడు. ఎడమ కాలు బెణికి దవాఖానకు వెళ్తే, ఎక్కడ నొప్పి అని డాక్టరు అడిగాడు. "ఎనుక ఎడమ పక్క బేరింగ్ అరుస్తుంది సార్" అన్నాడు. డాక్టరు పాపం నడుముకు ఫొటో తీయించాడు.

చుక్కలు లెక్కపెట్టి పోయించుకునే బండి ఎక్కడపడితే అక్కడ ఆగిపోదా మరి? ఆగేది. సీటు వెనక ఎప్పుడూ ఒక డబ్బా, ఒక రబ్బరు పైపు, ఒక తాడు, ఒక పానా ఉండేవి. డీజిల్ పూర్తిగా అయిపోతే ఇంజనులోకి గాలి వెళ్లి కూర్చుంటుంది. ఎయిర్ పట్టింది అంటారు. మళ్లీ డీజిల్ పోసినా ఆ గాలి తీస్తే గానీ స్టార్టు కాదు. ఆ పనిలో బక్కయ్య చెయ్యి తిరిగిన వాడు, ఎందుకంటే వారం వారం చేసేవాడు. ఒకసారి దామరచర్లలో పెళ్లికి బ్యాండు మేళాన్ని ఎక్కించుకుని వెళ్తుంటే ఊరి బయటే ఆగింది. మేళం వాళ్లు దిగి తోశారు. డోలు వాడు మాత్రం తన చేతులు ఖాళీ లేవని వాయిస్తూ వెనకే నడిచాడు. మోత విని పెళ్లివారు హారతి పళ్లెంతో ఎదురొచ్చారు. పెళ్లికొడుకు ఇంకా రానే లేదు, బక్కయ్య బండికి ఎదుర్కోలు అయిపోయింది.

ఇలాంటి బండికి కిరాయి ఎవరిస్తారు? మార్కెట్ యార్డులో బస్తాలు ఎక్కించేవాళ్లు ఈయన్ని చూస్తే మొహం తిప్పుకోవడం మొదలుపెట్టారు. అక్కడ ఖాళీగా కూర్చోవడం ఎక్కువైంది. వినాయక చవితి వెళ్లిన వారానికి భద్రమ్మ కొంగు బిగించి తీర్పు చెప్పేసింది. దసరా దాకా చూస్తుంది. అప్పటికి రోజూ నడిచే కిరాయి ఒకటి దొరికితే దసరా నాడు బండికి దండ వేస్తుంది. లేకపోతే బండి అమ్మేసి గొర్లు కొంటుంది. గొర్రెకు డీజిల్ అక్కర్లేదు, ఎయిర్ పట్టదు, వెనక ఎవడూ పిచ్చి రాతలు రాయడు.

మర్నాడు బంకుకొచ్చి, మూత తీయకుండానే బండికి ఆనుకుని నిలబడ్డాడు.

"దసరకు నన్ను అమ్ముతదంట సెల్లె" అన్నాడు.

నేను నవ్వబోయి ఆయన మొహం చూసి ఆగిపోయాను. కళ్లలో నీళ్లున్నాయి.

దేవుడు చల్లగా చూసి అరుంధతమ్మ దొరికింది. ఆమెకు సూర్యాపేటలో పెరుగు వ్యాపారం. పుట్టిల్లు కోదాడ, అందుకే మాట కాస్త ఆంధ్రా వైపు ఒరుగుతుంది. కోదాడలో ఒక పెద్ద హోటలుకూ, మిర్యాలగూడలో ఫంక్షన్ హాళ్లకూ ఆమె పెరుగే వెళ్తుంది. గడ్డ పెరుగు, బకెట్ వంచినా కదలదు. పాత డ్రైవరు మందు కొట్టి, స్పీడ్ బ్రేకర్లన్నీ ఎగిరించుకుంటూ వెళ్లి, మిర్యాలగూడ చేరేసరికి ఆ పెరుగును మజ్జిగ చేశాడు. పెళ్లి భోజనాల్లో పెరుగు అడిగినవాళ్లకు గ్లాసుల్లో పోయాల్సి వచ్చింది. అప్పటి నుంచి మందు అన్న మాట వింటే ఆమెకు బీపీ.

బక్కయ్యకు ఆమె రెండే షరతులు పెట్టింది. మందు ముట్టకూడదు. పెరుగు ఎక్కించాక దారిలో ఆగకూడదు. ఒకరోజు నడిపి చూపిస్తే, నచ్చితే రోజూ కిరాయి ఆయనకే. మొదటి షరతుకు ఇబ్బంది లేదు. కల్లు వాసన తగిలితే చాలు, ఆ మనిషికి వరసగా తుమ్ములొస్తాయి. బంధువుల దావత్‌లలో కూడా ముక్కుకు కండువా కట్టుకుని దూరంగా కూర్చుంటాడు. చిక్కంతా రెండో దానితోనే.

ఆ పరీక్ష రోజు పొద్దున్నే పెరుగు బకెట్లు ఎక్కించుకుని బంకులోకి వచ్చాడు. బంకు ఊరి చివరే కాబట్టి ఇది ఆగడం కిందికి రాదని ఆయన లెక్క.

"నాలుగు లీటర్లు పొయ్యి సెల్లె. ఇయ్యాల దూరం పోవాలె."

"నాలుగు పోస్తె యాడి దాక పోతవే?"

"హుజూర్‌నగర్ దాక. గాడ బంకుల ఆగి మల్ల..."

అక్కడ ఆయనకే మాట ఆగిపోయింది. నేను ఇంకేం వినలేదు. పైపు ట్యాంకులో దూర్చి నొక్కి పట్టాను. వద్దు వద్దని చెయ్యి పట్టుకోబోయాడు. "నిన్ను అమ్మాల్నా వద్దా?" అన్నాను. చెయ్యి వదిలేశాడు. ఇంజక్షన్ చేయించుకునే పిల్లాడిలా మొహం అటు తిప్పుకుని నిలబడ్డాడు.

"అయిపాయెనా?"

"కాలే."

"ఎటన్న కారుతుందేమో సూడు."

"ఎటూ కారుత లేదు. గమ్మునుండు."

గొంతు దాకా నిండి, కొంచెం పైకి పొంగింది కూడా. గుడ్డతో తుడిచి మూత బిగించాను. ఆయన నీరసంగా ఎక్కి తాళం తిప్పాడు. తిప్పి అలాగే ఉండిపోయాడు. బండి ముందర డీజిల్ ఎంత ఉందో చూపించే ముల్లు ఉంటుంది కదా, అది కొన్న కొత్తలోనే చచ్చిపోయిందని ఆయన నమ్మకం. అది మెల్లగా కదిలింది. లేచింది. లేచి లేచి చివరి గీత దాకా వెళ్లి నిలబడింది. అది చావలేదు. లేవడానికి దానికి ఇన్నేళ్లూ కారణమే దొరకలేదు.

"సెల్లె, ముల్లు బతికే ఉన్నది" అన్నాడు.

ఆ సంబరంలో ఆగలేక వెంటనే అరుంధతమ్మకు ఫోన్ కలిపాడు. నేను పక్కనే ఉన్నాను, ఆమె గొంతు బయటికే వినిపిస్తోంది, ఆ ఫోన్ అలాంటిది.

"అమ్మా, నేను బక్కయ్యను. ఫుల్లు ఉన్న. ఇగ పోతున్న."

"ఏంటీ?"

"ఫుల్లమ్మా. గొంతు దాక. నా బతుకుల ఎన్నడు ఇంత కొట్టలే. పొంగి బయటికి గూడ వచ్చింది, తుడుసుకున్నం."

"పొద్దున్నే ఎవరు పోశారయ్యా నీకు?" అందామె.

"మా సెల్లె ఎస్తేరు పోసింది. గీడనే ఉన్నది, మాట్లాడు" అని ఫోన్ నా చేతిలో పెట్టాడు.

నేనెందుకు తగ్గుతాను? నా జీవితంలో సాధించిన పని అది. "నమస్తే అమ్మా. నేనే పోసిన. రోజు వచ్చి ఇంత ఇంత పోయించుకుంటడు, సిగ్గు తీసి ఇయ్యాల ఫుల్లు కొట్టిన. ఇగ మిర్యాలగూడ పోయి వచ్చినా దిగది" అన్నాను. ముల్లు సంగతి నేను చెప్తున్నాను.

"పొద్దున్నే డ్రైవరుకు అలా పోస్తావా? బుద్ధుందా నీకు?"

ఇక నాకు తిక్క రేగింది. "బుద్ధి లేకపోవుడేందమ్మా? మాది ఇరవై నాలుగు గంటలు తెరిసే ఉంటది. ఎవలొచ్చినా పోస్తం. పోలీసోళ్లకు గూడ పోస్తం" అన్నాను. ఫోన్ పెట్టేసింది. ఈ ఉన్నవాళ్లంతా ఇంతే అనుకుని ఊరుకున్నాను. బక్కయ్య అప్పటికే ముల్లు వైపు చూసుకుంటూ రోడ్డెక్కేశాడు.

దారిలో ఆమె ఆయనకు మళ్లీ ఫోన్ చేసిందట. బండి పక్కకు ఆపు, వెంటనే ఆపు అని కేకలు వేసిందట. ఆగకపోవడమే కదా షరతు. పరీక్ష పెడుతోందని అనుకున్నాడు మహానుభావుడు. "నువ్వు ఎంత మొత్తుకున్నా ఆగనమ్మా, మాటంటె మాటే" అన్నాడట. ఎక్కడున్నావని అడిగితే, "ఏమో అమ్మా, రోడ్డు ఎవలు సూస్తున్నరు, ముల్లునే సూస్తున్న" అన్నాడట.

పూట గడవకముందే భద్రమ్మ ఆటో దిగింది. దిగుతూనే నా మీదికి వచ్చింది.

"ఏం ఎస్తేరూ, ఆడబిడ్డ లెక్క సూసుకున్న నిన్ను. నా మొగనికి తాగుడు నేర్పుతవా?"

"తాగుడేంది వదినె?"

"పెరుగామె ఫోన్ జేసింది. ఫుల్లు తాగి కోదాడ దిక్కు ఉరికిచ్చుకుంట పోతుండంట. పోసింది నువ్వేనంట."

నేను ఇంకా అర్థం చేసుకుంటూ ఉండగానే నా ఫోన్ మోగింది. బక్కయ్య.

"సెల్లె, కోదాడల ఫుల్లు ఉండుడు తప్పంట. హోటలాయన తాళం గుంజుకున్నడు. ఫుల్లు ఉన్నవా అని అడిగిండు, ఉన్న సార్ అన్న. సిగ్గు లేదా అన్నడు. సిగ్గెందుకు సార్, మా సెల్లె పోసింది, కావాలంటె ముల్లు సూడున్రి అన్న. ఏం రూలో ఏమో. సూర్యాపేటల లేదు గద గిట్ల?"

"బకెట్లు దించిర్రా?"

"ముట్టుకోలే. ఎండ వస్తుంది. నేను మూత కాడ కూసున్న. తాళం పోతె పోయింది, ఎవలన్న డీజిల్ గుంజుకపోతరేమో అని."

అప్పుడు ఒక కారు బంకులోకి దూసుకొచ్చి నా ముందే ఆగింది. లోపలి నుంచి అరుంధతమ్మ దిగింది, మొహం ఎర్రగా ఉంది. హోటలుకు ఫోన్ చేసి చెప్పాక, పొద్దుటి నుంచి ఎస్తేరు బెల్టు షాపు ఎక్కడా అని సూర్యాపేటంతా వెతికిందట. చివరికి ఒక ఆటో అతను, ఎస్తేరు అంటే బంకులో పోస్తుంది కదమ్మా అన్నాడట.

"ఎస్తేరు ఎవరు?"

"నేనే."

"పొద్దున బక్కయ్యకు పోసింది నువ్వేనా?"

"నేనే."

"ఏం పోశావు?"

చేతిలో ఉన్న పైపు ఆమె కళ్ల ముందు పెట్టాను. "దీంట్ల ఏం వస్తదో అదే పోసిన" అన్నాను.

ఆమె పైపును చూసింది. పైనున్న బోర్డు చూసింది. మళ్లీ పైపును చూసింది. కారుకు ఆనుకుని నెమ్మదిగా కొంగుతో మొహం తుడుచుకుంది. నేను అన్న మాటలు ఒక్కొక్కటీ నాకు కూడా అప్పుడే గుర్తొచ్చాయి, పోలీసోళ్లతో సహా. అయినా తప్పు నాది కాదు. బంకులో నిలబడి ఫుల్లు అంటే ట్యాంకు ఫుల్లు. బ్రాందీ షాపు ముందు నిలబడి అంటే వేరే. మనిషి ఎక్కడ నిలబడి మాట్లాడుతున్నాడో అడగకుండా కోపం తెచ్చుకుంటే నేనేం చేయను?

"అయ్యో, పాపం వాడి తాళం తీయించేశానే" అందామె. వెంటనే హోటలతనికి ఫోన్ చేసింది. టిఫిన్ల వేళ, గల్లా పెట్టె దగ్గర జనం, ఎత్తలేదు. మళ్లీ చేసింది, ఎత్తలేదు. పెరుగు ఎండలో ఉంది. తనే వెళ్తానని కారెక్కింది. భద్రమ్మ కూడా ఎక్కి కూర్చుంది. "డీజిలో ఏందో నాకు తెల్వది. నా ముక్కుతోటి సూస్తె గాని నమ్మ" అంది. అని నా చెయ్యి పట్టి లోపలికి లాగింది. "పోసినదానివి నువ్వు రాకుంటె ఎట్ల?" పక్క పైపు దగ్గరున్న సోనీకి కేకేసి చెప్పేలోపు కారు రోడ్డు మీద ఉంది.

చివ్వెంల దాటాక చూశాను. స్టీరింగు వెనక ఎర్ర లైటు వెలుగుతోంది.

"అమ్మా, డీజిల్ లేదు గదా?"

"అదా? అది ఎప్పుడూ వెలుగుతూనే ఉంటుందిలే. లైటు వెలిగాక కూడా నలభై కిలోమీటర్లు వస్తుందంట."

"ఎప్పటి సంది వెలుగుతుంది?"

ఆమె లెక్కపెట్టుకుంది. "మొన్నటి నుంచి" అంది.

మునగాల దాటగానే కారు రెండుసార్లు దగ్గి ఆగిపోయింది. మీరు నవ్వండి, నేనేం అనుకోను. డీజిల్ బంకులోంచి, డీజిల్ పోసే మనిషిని ఎక్కించుకుని, డీజిల్ లేకుండా బయలుదేరిన కారు అది. ముగ్గురం దిగి తుమ్మచెట్టు కింద నిలబడ్డాం. లారీల వాళ్లు హారన్ కొట్టి మరీ చూసి వెళ్తున్నారు. సూర్యాపేట బంకు వాళ్లెవరూ ఆ దారిన రాకూడదని యేసుప్రభువుకు దండం పెట్టుకున్నాను.

ఇంతలో హోటలతను తనే ఫోన్ చేశాడు. అరుంధతమ్మ ముందు తాళం ఇచ్చేయమని బతిమాలుకుంది, తర్వాత బకెట్లు దించుకోమంది, తర్వాత గొంతు తగ్గించి, "ఆ బక్కయ్యను ఇటు పంపించండి. నేను దారిలో ఆగిపోయాను" అంది.

దూరం నుంచే గుర్తుపట్టాను. రోడ్డు మీద అంత ఠీవిగా వస్తున్న చిన్న వ్యాను ఇంకోటి లేదు. మిర్యాలగూడ బకెట్లు వెనక కదలకుండా తాళ్లతో కట్టి ఉన్నాయి. దిగాడో లేదో భద్రమ్మ అడ్డంగా నిలబడింది.

"నోరు తెరువు."

తెరిచాడు.

"ఊదు."

ఊదాడు. భద్రమ్మ కళ్లు మూసుకుని వాసన చూసింది. ఆ నడిరోడ్డు మీద ఒక మనిషి కాపురం, ఒక బండి బతుకు ఆమె ముక్కు మీద ఆగి ఉన్నాయి.

"పొద్దుగాల నేను పెట్టిన ఉల్లిగడ్డ కారమే" అంది. అని మొహం అటు తిప్పుకుని కళ్లు ఒత్తుకుంది.

ఏం జరిగిందో అందరం కలిసి చెబితే బక్కయ్యకు సగమే ఎక్కింది. ఎక్కిన సగానికే తలకొట్టుకున్నాడు. తర్వాత ఏం అడక్కుండానే సీటు వెనక నుంచి డబ్బా, రబ్బరు పైపు తీశాడు. తీసి, ముందుకెళ్లి ముల్లును ఒకసారి చూసుకున్నాడు. ఇన్నేళ్లకు లేచిన ముల్లు. కింద కూర్చుని పైపు నోట్లో పెట్టుకుని గుంజాడు. డీజిల్ నోట్లోకొచ్చి ఉమ్మేసి, పైపును డబ్బాలో పెట్టాడు.

"చాలు చాలు. మళ్లీ నీకు మిర్యాలగూడ దాకా సరిపోవాలి కదా" అంది అరుంధతమ్మ.

"సరిపోతదా సెల్లె?" అని నన్నడిగాడు. ఆయనకు నిజంగా తెలియదు. రెండు లీటర్ల మనిషికి ఏం తెలుస్తుంది?

"సరిపోవుడేందే? ఇయ్యాల తిరుగుడంత తిరిగి, మల్ల రేపు తిరిగి, ఎల్లుండి గూడ తిరగొచ్చు. హైదరాబాద్ పోయి రావొచ్చు. వచ్చి మల్ల పోయి రావొచ్చు" అన్నాను.

బక్కయ్య డబ్బా పక్కన కూలబడ్డాడు. పైపు లోంచి డీజిల్ సన్నగా పడుతూనే ఉంది.

"అంత దూరం పోతనా నేను?" అన్నాడు.

బండిని ఆ చివర నుంచి ఈ చివర దాకా చూసుకున్నాడు.

"ఇన్నేండ్లు హుజూర్‌నగర్ దాటాల్నంటె భయపడితి. నాకు తెల్వకపాయె."

కారులో డీజిల్ పోసి, పానాతో ఎయిర్ తీసి స్టార్టు చేసిచ్చాడు. చెయ్యి తిరిగిన పని కదా, క్షణంలో అయిపోయింది. తర్వాత కండువాతో చేతులు తుడుచుకుని అరుంధతమ్మ ముందు తల వంచుకుని నిలబడ్డాడు.

"ఆగొద్దన్నవు. ఆగితినమ్మా, మాట తప్పిన. తాళం గుంజుకుంటె ఏం జెయ్యాలె."

ఆమెకు నవ్వు ముందొచ్చిందో ఏడుపు ముందొచ్చిందో నాకు తెలియలేదు. "నేను కదా ఆపించింది. వెళ్లు, మిర్యాలగూడలో వడ్డనకు టైమవుతోంది. రేపటి నుంచి నువ్వే రావాలి" అంది. బక్కయ్య వెంటనే బండెక్కాడు. ఎక్కడా ఆగకుండా వెళ్లి, ఆగకుండా ఇల్లు చేరాడు. పెరుగు ఒక్క బకెట్‌లో కూడా కదల్లేదు.

దసరా నాడు వాళ్లింటికి నన్ను పిలిచారు. బండి కడిగి, పసుపు కుంకుమలు పెట్టి, బంతిపూల దండ వేసింది భద్రమ్మ. వెనక ఉన్న "దూరం పాటించండి" మీద తెల్ల రంగు వేయించింది, తన పేరు ఉంచుకుంది. నాలుగు టైర్ల కింద నాలుగు నిమ్మకాయలు పెట్టింది. ఒకటి మిగిలింది. అటూ ఇటూ చూసి, మొగుడి కుడి కాలి కింద పెట్టింది.

"తొక్కు. నువ్వు గూడ బండివేనంటివి గద" అంది.

తొక్కాడు. ఊరంతా నవ్వింది, ఈసారి ఆమె కూడా.

మర్నాడు పొద్దున్నే దండతోనే బంకుకొచ్చాడు. దిగి మూత తీశాడు, లోపలికి తొంగి చూడలేదు.

"నన్ను అమ్ముత లేదంట సెల్లె" అన్నాడు.

"సూసిన గదనే. మరి ఎంత కొట్టాలె?"

వెనక లారీ వాళ్లున్నారు, పక్కన ఆటో వాళ్లున్నారు, అటు పక్క స్కూటర్ మీద ఇద్దరు పోలీసులు పెట్రోలు పోయించుకుంటున్నారు. బక్కయ్య అందరినీ ఒకసారి చూసి, నా చెవి దగ్గరికి వంగాడు.

"ఫుల్లు. కని జర మెల్లగ అను."